తగినంత చెడని గుట్ట

ప్రపంచంలోని పక్షులన్నింటిలోనూ మన రాష్ట్రానికి అన్నివిధాలా సరిపోయే పక్షి ఒకటుందనీ, అది మన రాష్ట్రంలో లేకపోవడమొక్కటే లోటనీ ఆవాసాభివృద్ధి సంస్థ డైరెక్టరు పరంజ్యోతిగారు కనిపెట్టారు.

కనిపెట్టింది విదేశంలో, ఒక సదస్సులో, టీ విరామంలో. టీ ఇంకా రాలేదు. చేతులు ఊరికే ఉండలేక ఆయన బల్లమీదున్న పక్షుల పుస్తకం తిరగేశారు. మెక్సికో దేశంలో దక్షిణాన, సముద్రం వెంబడి ఒక పక్షి ఉందట. పేరు పెద్ద రెన్. రెన్ జాతిలో చాలామటుకు గుప్పెట్లో పట్టే పిట్టలే. ఇది మాత్రం గోరింకంత ఉంటుంది. వీపు ఇటుక రంగు, పొట్ట తెలుపు, కంటిమీద తీర్చినట్టు తెల్లటి చార. ఒంటరిగా ఉండదు. కుటుంబమంతా కలిసి కూర్చుని ఒకేసారి అరుస్తుంది.

అంతవరకూ డైరెక్టరుగారికి ఏమీ అనిపించలేదు. చివర ఆవాసం అన్నచోట మూడు రకాల చోట్లు రాసి ఉన్నాయి. ఎండు అడవులు. పల్లపు తేమ అడవులు. మూడోది, తీవ్రంగా క్షీణించిన మాజీ అడవి.

ఆ మూడోదాన్ని ఆయన రెండుసార్లు చదివారు. ఈలోగా టీ వచ్చింది. ఆయన తాగలేదు.

పాతికేళ్ళ ఉద్యోగంలో పరంజ్యోతిగారు మాజీ అడవులు ఎన్నో చూశారు. కొన్నింటిని మాజీ చేయడంలో ఆయన చెయ్యి కూడా ఉంది. అవెందుకలా అయ్యాయని పైవాళ్ళు అడిగినప్పుడల్లా నీళ్ళు నమిలేవారు. ఇప్పుడు సముద్రాల అవతల ఒక పక్షి సరిగ్గా అలాంటివే కావాలని కోరుకుంటోంది! లక్షల ఎకరాలు! ఒక్క మొక్క నాటకుండా, అన్నీ సిద్ధంగా!

విమానం దిగిన మర్నాడే విలేకరులను పిలిచారు.

“ఇంతకాలం మనం ఈ భూములను పాడుపడిన అడవులని కించపరిచాం. అవి పాడుపడలేదు. నిరీక్షిస్తున్నాయి.”

“పక్షి ఎప్పుడొస్తుంది సార్?” అన్నాడు ఒక విలేకరి.

“ఆవాసం కల్పించడం ప్రభుత్వ బాధ్యత. రావడం పక్షి బాధ్యత.”

ఆ మాట మర్నాడు పత్రికల్లో పెద్దక్షరాలతో వచ్చింది. ఆ వారమే ‘పెద్ద రెన్ స్వాగత పథకం’ మొదలైంది.

నల్లబండపల్లికి ఆ పథకం ఒక మధ్యాహ్నం మోటారు సైకిలు మీద వచ్చింది. తెచ్చినవాడు అటవీశాఖ బీట్ ఆఫీసరు వన్నూరప్ప. అప్పుడు సుంకులమ్మ గుట్టమీద గడ్డి కోస్తోంది. ఊరి వనసంరక్షణ సమితికి ఆమె అధ్యక్షురాలు. అధ్యక్షురాలైనా ఆమె గడ్డి ఆమె కోసుకోవాల్సిందే.

ఆ గుట్ట ఆడవాళ్ళు పెంచింది. పద్నాలుగేళ్ళుగా వానలకు ముందు రాళ్ళు పేర్చి అడ్డకట్టలు కట్టారు, ఎండల్లో బిందెలతో నీళ్ళు మోశారు. వాళ్ళకో కట్టుబాటుంది. ఊళ్ళో ఏ కోడలు పుట్టింటికి పోయి ఒడిబియ్యం పోయించుకొచ్చినా, ఆ బియ్యంతోపాటు పుట్టింటి ఊరి చెట్టు విత్తనాలు గుప్పెడు కొంగున కట్టుకు రావాలి. అందుకని గుట్టమీద చెట్లన్నింటికీ పుట్టిళ్ళ పేర్లే. “ముద్దనపల్లి కానుగ కింద కూచుందాం పా” అంటారు. “మీ పుట్టింటి నేరేడు ఈ ఏడు కూడా కాయలేదే” అని కోడళ్ళను దెప్పుతారు. చెట్లొచ్చాక గడ్డి వచ్చింది. గడ్డి వచ్చాక గుట్ట కింది బావిలో నీళ్ళు నిలిచాయి. నీళ్ళు నిలిచాక బెంగళూరుకు మట్టిపనికి వలసపోయిన సంసారాలు ఒక్కొక్కటే తిరిగొచ్చి తాళాలు తీసుకున్నాయి.

“సుంకులక్కా, రోంత నీళ్ళియ్యి,” అంటూ వన్నూరప్ప రాతిమీద కూలబడ్డాడు. తాగి, మూతి తుడుచుకుని, జేబులోంచి కాగితం తీశాడు.

“మల్లా ఏమొచ్చిందప్పా?”

“పక్షి వస్తాదంటక్కా.”

“రానీ. ఇన్ని ఉండాయి, ఇంగోటి.”

“ఇది మామూలు పక్షి కాదు. మెక్సికోది.”

“యాడిదైతే ఏమి? చెట్టుంది, వాలుతాది.”

వన్నూరప్ప తల గోక్కున్నాడు. “అదే కష్టమొచ్చిందక్కా. చెట్టుండకూడదంట.”

పదోరోజున డిప్యూటీ డైరెక్టరు విఠల్‌గారు జీపులో వచ్చారు. ఆయన చేతిలో ‘క్షీణతా సూచిక’ అనే పత్రం ఉంది. నూటికి మార్కులు. నేల కోసుకుపోయి ఉంటే ముప్పై, నరికిన మొద్దులుంటే ముప్పై, ముళ్ళకంపకు ఇరవై, ప్లాస్టిక్ కవర్లకు పది, చూడగానే కలిగే సాధారణ నైరాశ్యానికి పది. ఆయన గుట్టంతా తిరిగారు. తిరిగేకొద్దీ ముఖం వాడిపోయింది. నేరేడు నీడలో నిలబడి చెమట తుడుచుకోబోయారు. చెమట లేదు. అది ఆయనను మరీ కలవరపెట్టింది.

“మొద్దులేవీ?” అన్నారు.

“కొట్టందే మొద్దులెట్లొస్తాయి సార్?” అంది సుంకులమ్మ.

“కనీసం ప్లాస్టిక్ కవర్లు?”

సమితిలో సుంకులమ్మకు కుడిభుజంలాంటిది హుసేనమ్మ. నోరు ఊరుకోదు. “కావాలంటే ఊర్లోంచి తెప్పిస్తాం సార్, సంచికి సంచి,” అంది.

“సహజంగా ఉండాలమ్మా,” అన్నారు విఠల్‌గారు నొచ్చుకుంటూ.

నల్లబండపల్లి గుట్టకు పదకొండు మార్కులు వచ్చాయి. ఆ పదకొండూ జీపు వచ్చిన దారికి. పక్క ఊళ్ళో గులకమట్టి కోసం ఇరవై ఏళ్ళుగా తవ్విన గుట్టకు తొంభై ఆరు వచ్చాయి. ఆ ఊరి సర్పంచికి శాలువా కప్పితే ఆయన కళ్ళు చెమర్చాయి. “ఇది నా ఒక్కని గొప్ప కాదు. మా నాయన కాలంలోనే సగం కొట్టేసినారు. ముందు తరాల కష్టం ఇది,” అన్నాడు. ఆ గుట్టమీద నాలుగు మైకులు కట్టి, పెద్ద రెన్ అరుపు రికార్డు పొద్దున్నుంచీ సాయంత్రం దాకా వేశారు. మెక్సికో నుంచి ఎవరూ రాలేదుగాని, చుట్టుపక్కల కాకులన్నీ వచ్చి మైకులతో పోట్లాట పెట్టుకున్నాయి. ‘స్థానిక పక్షుల నుంచి విశేష స్పందన’ అని నివేదిక వెళ్ళింది.

నల్లబండపల్లికి మాత్రం నోటీసు వచ్చింది. వన్నూరప్ప దాన్ని చదవలేక చదివాడు. చెట్లు పెంచడం ద్వారా సదరు గ్రామస్థులు ఒక విలువైన పక్షి ఆవాసాన్ని ధ్వంసం చేశారనీ, మూడు నెలల్లోగా గుట్టకు క్షీణతను పునరుద్ధరించాలనీ దాని సారాంశం.

మర్నాడే సుంకులమ్మ, హుసేనమ్మ బస్సెక్కి విఠల్‌గారి ఆఫీసుకు పోయారు.

“సార్, గుట్ట బోడిదైతే బాయి ఎండుతాది,” అంది సుంకులమ్మ. “బాయి ఎండితే మల్లా బెంగళూరే. అరవై ఇండ్లు సార్. మా గుట్ట చెడగొట్టద్దండి.”

“చెడగొట్టడం అనకండి. ఆవాస అనుకూలీకరణ అనండి. మీరు మనుషుల వైపు నుంచే ఆలోచిస్తున్నారు. పక్షి వైపు నుంచి ఆలోచించండి. అది వేల మైళ్ళు ఎగిరొచ్చి, తీరా ఇక్కడ చెట్లు చూస్తే దాని మనసెంత కష్టపడుతుంది?”

“అంత దూరం ఎగురుతాదా సార్ అది?”

“పథకంలో ఎగురుతుంది,” అన్నారు విఠల్‌గారు.

సమితి క్షీణింపుకు ముందుకు రాలేదు గనుక సంస్థే ఆ పనికి పూనుకుంది. నిపుణుల కమిటీ కూర్చుని, తక్కువ కాలంలో, సహజ పద్ధతిలో, ఇంధనం ఖర్చు లేకుండా అడవిని క్షీణింపజేసే సాధనం మేక అని తేల్చింది. ఆ ప్రాంతంలో మేకలంటే తిప్పేస్వామివే. నూట నలభై. ముప్పయ్యేళ్ళలో అటవీశాఖ వాటిని పట్టుకుని బందెలదొడ్డిలో ఎన్నిసార్లు వేసిందో తిప్పేస్వామికీ గుర్తులేదు, శాఖకూ గుర్తులేదు. జీపు వాకిట్లో ఆగగానే ఆయన అలవాటుకొద్దీ గడ్డివామి ఎక్కి దాక్కున్నాడు.

“మామా, దిగు,” అని వన్నూరప్ప కింద నుంచి పిలిచాడు. “ఈసారి పట్టుకునేకి రాలేదు. నీకు సన్మానం చేస్తారంట.”

వామి లోపలి నుంచి గొంతొచ్చింది. “అది ఏ సెక్షను కింద కేసప్పా?”

దించి శాలువా కప్పారు. జీవితంలో మొదటిసారి తనను ‘తిప్పేస్వామిగారూ’ అని పిలవడం విని ఆయన వెనక్కి తిరిగి ఇంకెవరున్నారా అని చూశాడు. మేకల చెవులకు ‘అధీకృత క్షీణింపు మేక’ అని బిళ్ళలు కుట్టారు. పనివేళలు పది నుంచి ఐదు దాకా అన్నారు. మధ్యలో గంట భోజన విరామం.

“మేకకి భోజనం టైమేంది సార్? అది పోయేదే తినేకి గదా?”

“విధి నిర్వహణలో తినడం వేరు, భోజనం వేరు,” అని విఠల్‌గారు ఓపిగ్గా చెప్పారు. “ఇకనుంచి మీ మేకలు శాస్త్రీయంగా తినాలి.”

అందుకు రెండురోజుల శిక్షణ ఇచ్చారు. బడి ఆవరణలో షామియానా వేసి తెర కట్టి, తినవలసిన ఆకుల బొమ్మలు చూపించారు. నూట నలభై మేకల్లో నూట ముప్పై ఆరు ఉత్తీర్ణమయ్యాయి. నాలుగింటికి హాజరు చాలలేదు.

ప్రారంభోత్సవం నాడు గుట్ట మొదట్లో వేదిక కట్టారు. ఆడవాళ్ళందరూ గట్టు మీద వరసగా కూర్చుని చూస్తున్నారు. సుంకులమ్మ మందనూ గుట్టనూ మార్చి మార్చి చూస్తోంది. ఒక్క పూట చాలు నూట నలభై మూతులకు, పద్నాలుగేళ్ళ పని. తిప్పేస్వామి మందను తోలుకుని ఆమె పక్కనుంచే పోతూ తలెత్తకుండా గొణిగాడు.

“అక్కా, పొద్దున్నే శెనక్కాయ తీగ కడుపునిండా మేపి తెచ్చినా. నా మేకలు నీళ్ళు తాగాల్సింది కూడా మీ బాయిలోనే గదా.”

విఠల్‌గారు ప్రసంగం మొదలుపెట్టారు. “ఈ మూగజీవాలు ఇంతకాలం నేరస్థులుగా ముద్రపడ్డాయి. నేటినుంచి అవి పర్యావరణ సైనికులు—” అనేసరికి ముందు వరసలోని సైనికులు రిబ్బను తినేశాయి. తర్వాత మామిడాకుల తోరణం. తర్వాత వేదిక వెనక కట్టిన బ్యానరు, పెద్ద రెన్ బొమ్మతో సహా. కడుపు నిండినా కొత్త రుచి కదా. ఒక ముసలి మేకపోతు వేదికెక్కి, ప్రసంగంలో మిగిలిన మూడు పేజీలూ విఠల్‌గారి చేతిలోంచే తీసుకుంది. గట్టుమీద హుసేనమ్మ కొంగు నోట్లో కుక్కుకుని కిందికి జారిపోయింది. ఆమెను పట్టుకోబోయి సుంకులమ్మ కూడా జారింది.

ఆ తర్వాత మంద గుట్ట ఎక్కింది. గుట్ట చుట్టూ మొదటి వరస బందారు పొదలు. ఆ ఆకు మేకకు నచ్చదు. దాని వెనక వరస కానుగలు. ఆ ఆకూ నచ్చదు. మేకలు వాసన చూసి, తుమ్మి, కానుగల నీడలో పడుకుని నెమరేశాయి. భోజన విరామం అయిపోయింది. ఐదు అయింది. ఒక్క ఆకు తెగలేదు.

“వీటికి అంకితభావం లేదు,” అన్నారు విఠల్‌గారు. మర్నాడు నూట ముప్పై ఆరు మేకలకూ విధుల్లో నిర్లక్ష్యం కింద మెమో వచ్చింది.

తిప్పేస్వామి దాన్ని తిప్పి తిప్పి చూశాడు. “సంజాయిషీ ఎవరు రాయాల సార్? నేనా, అవా?”

మేకలతో కాలేదని సంస్థ బుల్డోజరును పంపింది.

అది లారీ మీద వచ్చి గుట్ట ముందు దిగింది. పసుపు పచ్చగా, ఇంటంత ఉంది. దాని చప్పుడుకు నేరేడు మీది పిట్టలన్నీ ఒక్కసారి లేచిపోయాయి. ఆడవాళ్ళు ఎవరూ చెప్పకుండానే ఎవరి పుట్టింటి చెట్టు కింద వాళ్ళు పోయి కూర్చున్నారు. తొంభై ఏళ్ళ గంగుళమ్మను మంచంతో సహా మోసుకొచ్చి ఆమె సీతాఫలం చెట్టు కింద దించారు. డ్రైవరు ఇంజను నడుస్తుండగానే కిందికి దిగి చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

“మా అమ్మది కూడా ఇట్లాంటి ఊరే సార్,” అన్నాడు విఠల్‌గారితో. “కాగితం చూపించండి. కాగితం లేంది నేను చెయ్యి వెయ్యను.”

కాగితం ఉంది. దాని పేరు ‘క్షీణింపు పూర్వ ధ్రువపత్రం’. పద్నాలుగు గడులు. స్థానిక సమితి అధ్యక్షురాలిని అడిగి నింపాలి, అడిగినట్టు సంతకం తీసుకోవాలి. విఠల్‌గారు కుర్చీ వేయించుకుని సుంకులమ్మ ముందు కూర్చున్నారు. ఆమె నేలమీదే ఉంది, చెట్టుకు వీపు ఆనించి. ఊరి పేరు, గుట్ట విస్తీర్ణం, వానలు, అన్నీ ఒక్కొక్కటిగా అయ్యాయి. ఏ జవాబు చెప్పినా గుట్ట పోయేదే గనుక ఆమె అడిగినదానికల్లా ఉన్నదున్నట్టు చెబుతోంది.

“ఈ అడవి ఏ సంవత్సరం నుంచి ఏ సంవత్సరం వరకు అడవిగా ఉండేది?”

“ఎప్పుడు సార్?”

“పూర్వం. బంజరు కాకముందు.”

సుంకులమ్మకు కోపమొచ్చింది. “పూర్వం అడవి యాడుండె సార్? నేను కాపురానికొచ్చినప్పుడు ఈడ బండ తప్ప ఏమీ లేదు. మా అత్త మిరపకాయలు ఆరబోస్తాండె. ఆమె అత్తా ఆరబోస్తాండెనంట. కాకి వాలితే కాలు కాలి లేచిపోతాండె. ఇది అడవి అయిందే మేం పెంచినాంక.”

విఠల్‌గారి కలం ఆగింది.

“అంటే... ఇది మొదటిసారా?”

“మొదటిసారే.”

ఆయన సంచిలోంచి రెవెన్యూ నకలు తీశారు. బండ పోరంబోకు అని ఉంది. వెనక్కి తిప్పి చూశారు. వెనక ఏమీ లేదు. “పక్షికి కావలసింది మాజీ అడవి,” అని తనలో తాను అనుకున్నట్టు అన్నారు. “ఇది మాజీ కాదు. కాగితం మీద చూస్తే ప్రస్తుతం కూడా కాదు.”

“అదే గదా సార్,” అంది హుసేనమ్మ పక్క చెట్టు కింద నుంచి. “మా మరిది ఉండాడు. మాజీ సర్పంచినని ఊరూరా చెప్పుకుంటాడు. మూడుతూర్లు నిలబడి మూడుతూర్లూ ఓడిపాయ. ఒకతూరన్నా గెలిస్తే గదా మాజీ అయ్యేది?”

ఎవరూ నవ్వలేదు. ఎందుకంటే విఠల్‌గారు ఆ మాటను చాలా శ్రద్ధగా విన్నారు. లేచి, కాస్త దూరం పోయి డైరెక్టరుగారికి ఫోను చేశారు. అవునండి, కాదండి, ఎప్పుడూ కాదండి, మిరపకాయలండి, అనడం ఇటు వినిపించింది. బుల్డోజరు గురకపెడుతూనే ఉంది. సుంకులమ్మ చెట్టు మొదలును వెనక చేత్తో పట్టుకుని కూర్చుంది.

విఠల్‌గారు తిరిగొచ్చారు. ముఖంలో కొత్త వెలుగుంది. పెద్ద చిక్కును పద్ధతి ప్రకారం విప్పిన అధికారికి వచ్చే వెలుగు అది.

“అడవి కానిదాన్ని మాజీ అడవి చేస్తే రేపు ఎవరైనా ప్రశ్నించవచ్చు. కాబట్టి డైరెక్టరుగారి ఆదేశం ఇది. ముందు దీన్ని చట్టప్రకారం అడవిగా ప్రకటిస్తాం. అడవి పరిపక్వం కావడానికి ఇరవై ఏళ్ళు. అంతవరకూ పూర్తి రక్షణ. ఆ తర్వాత నిబంధనల ప్రకారం క్షీణింపజేస్తాం.” డ్రైవరు వైపు తిరిగారు. “ఏయ్, బండి జాగ్రత్తగా తియ్యి! ఒక్క కొమ్మ విరిగిందా, కేసు పెడతాను!”

ఆ బుల్డోజరును కొమ్మ విరగకుండా వెనక్కి తిప్పి లారీ ఎక్కించడానికి గంటన్నర పట్టింది. ఆడవాళ్ళు ముందూ వెనకా నడిచి దారి చూపించారు. “రానీ, రానీ, ఆపు! నా సీతాఫలం, నా సీతాఫలం!” అని గంగుళమ్మ మంచం మీద నుంచే అరిచింది.

పదిహేను రోజుల్లో గుట్ట మొదట్లో ఆకుపచ్చ బోర్డు పాతారు. దానిమీద ఇలా ఉంది:

‘ఈ అడవి ఇరవై సంవత్సరముల తరువాత పాడుచేయుటకు ప్రత్యేకింపబడినది. అంతవరకు పుల్ల విరిచినను శిక్షార్హులు.’

ఊరంతా వచ్చి బోర్డు చదివి సంబరపడింది. ఆ సంబరం మర్నాటి పొద్దుటిదాకానే. పొద్దున్నే కొడవలి, తాడు తీసుకుని గుట్టకు పోయిన ఆడవాళ్ళకు కంచె, గేటు, గేటుకు తాళం ఎదురయ్యాయి. తాళం పక్కన వన్నూరప్ప నిలబడ్డాడు. ముఖం ఎటు పెట్టుకోవాలో తెలియక ఆకాశంలో పెట్టుకున్నాడు.

“అక్కా, పుల్ల విరిచినా అని రాసినారు గదా. గడ్డి కూడా పుల్ల కిందే వస్తాదంట.”

“అంటే మా గుట్టమీద మేం గడ్డి కోసుకోకూడదా?”

“ఇరవై ఏండ్లు ఓపిక పట్టాలక్కా. ఆ తర్వాత కావలసినంత కొట్టుకోవచ్చు.”

ఇంటి దగ్గర ఆవులు కట్టుకొయ్యల దగ్గర నుంచే అరుస్తున్నాయి. ఇన్నాళ్ళూ గుట్ట పోతుందని భయం. ఇప్పుడు గుట్ట ఉంది, కళ్ళముందే ఉంది, పచ్చగా ఉంది, తాళం లోపల ఉంది. సుంకులమ్మ బోర్డు పక్కనే కూర్చుని, ఆ రెండు వాక్యాలూ కూడబలుక్కుంటూ చాలాసార్లు చదివింది. రెండో వాక్యంలో ఆమెకేమీ దొరకలేదు. మొదటి వాక్యం దగ్గర ఆగింది. ఆగి, లేచి, చీర దులుపుకుని, “పా హుసేనమ్మా, బస్సొచ్చే టైమాయ,” అంది.

విఠల్‌గారు ఆదరంగానే కూర్చోమన్నారు. ఇప్పుడు వాళ్ళది అడవి ఉన్న ఊరు.

“సార్, ఒక మాట,” అంది సుంకులమ్మ. “ఇరవై ఏండ్లయినాంక గుట్టను పాడుచేసేది ఎవరు?”

“సమితే చేయాలి. ప్రజల భాగస్వామ్యం లేకుండా ఏదీ చేయం.”

“అదే సార్ నాకు బయం. మాకు చెడగొట్టే పని రాదు. పద్నాలుగేండ్లు పెంచేదే నేర్చుకున్నాం. ఆ పొద్దు ఒక్కసారిగా చెడగొట్టమంటే చేతులు యాడాడతాయి? పైన మీకు మాటొస్తాది. ఇప్పటినుంచే నెలనెలా రోంత రోంత చెడగొడతా వస్తే, అప్పటికి అలవాటైతాది గదా?”

హుసేనమ్మ నోరు తెరవబోయింది. సుంకులమ్మ ఆమె కాలు తొక్కింది.

విఠల్‌గారు కుర్చీలో ముందుకు జరిగారు. ఇన్నేళ్ళ ఉద్యోగంలో ఒక గ్రామస్థురాలి నోట ఇంత దూరదృష్టి ఆయన వినలేదు. “సామర్థ్య నిర్మాణం!” అన్నారు, కళ్ళు మూసుకుని. “అమ్మా, మీరన్నది సామర్థ్య నిర్మాణం!”

వారంలో ఉత్తర్వు వచ్చింది. నల్లబండపల్లి మహిళలను ‘క్రమ క్షీణింపు అభ్యాస బృందం’గా గుర్తించారు. గడ్డి కోయడం, ఎండుపుల్లలు ఏరడం, కాయలూ పండ్లూ కోయడం వంటి ప్రాథమిక స్థాయి విధ్వంసానికి అనుమతించారు. గేటు తాళంచెవి బృంద నాయకురాలి దగ్గరే ఉండాలి. ప్రతి నెలా ప్రగతి నివేదిక పంపాలి.

మొదటి నివేదికకు వన్నూరప్ప నెలాఖరున వచ్చాడు. పొద్దు కొంచెం వాలింది. ఆడవాళ్ళు మోపులు దించుకుని గేటు బయట కూర్చున్నారు. అతను మోకాలిమీద కాగితం పెట్టుకుని కలం మూత తీశాడు.

“చెప్పండక్కా. ఈ నెల ఏమేమి చెడగొట్టినారు?”

“గడ్డి,” అంది సుంకులమ్మ. “శానా చెడగొట్టినాం. రోజుకు ముప్పై మోపులు.”

“సీతాఫలాలు నేను చెడగొట్టినా,” అంది గంగుళమ్మ మనవరాలు. “నాలుగు గంపలు.”

“నాలుగా? నేను ఆరు చెడగొట్టినా. నా పేరు ముందు రాయి,” అంది హుసేనమ్మ. “కలేకాయలు కూడా. ఊరగాయ పెట్టినా. అది ఇంగా పెద్ద నేరం గదా?”

“ఎండుపుల్లలు ఎవరూ చెప్పరేమే?” అని వెనక నుంచి ఇంకొకామె అరిచింది. “నేను నడుం పడిపోయేటట్టు నాశనం చేస్తి!”

వన్నూరప్ప అన్నీ రాశాడు. “నేలకోత అని ఒక గడి ఉందక్కా. దాంట్లో ఏమన్నా ఉందా?”

“ఉంది. పడమటి పక్క గుంతలు తవ్వినాం. నూట ఇరవై.”

“గుంతలెందుకు తవ్వినారు?” అని, అడిగాక అతనికే అనుమానమొచ్చింది. “వాటిలో ఏమేసినారక్కా?”

“గుంతలో ఏమేసినామో కాగితంలో అడిగినారా?”

వన్నూరప్ప వెతికాడు. “లేదు.”

“అయితే గమ్మునుండు.”

అతను నేలకోత, నూట ఇరవై అని రాశాడు. చివరి గడి దగ్గర ఆగాడు. “ఆశించిన పక్షి వచ్చినదా? లేదు అని రాస్తా. కారణం అడిగినారు. ఏం రాసేదక్కా?”

సుంకులమ్మ వెనక్కి తిరిగి చూసింది. ఎండ తగ్గి గుట్టంతా ఒక రంగులోకి వచ్చింది. నేరేడులో పిట్టలు చోటుకోసం కొట్లాడుకుంటున్నాయి. వాటిలో మెక్సికోది ఏదీ లేదు.

“గుట్ట ఇంగా బాగుందని రాయి,” అంది. “మేం ఎంత చెడగొట్టినా చాలడం లేదంట. వచ్చే నెల ఇంగా మనసు పెట్టి చెడగొడతామని రాయి.”

వన్నూరప్ప రాసి, కింద సంతకం పెట్టించుకున్నాడు. ఆమె అతని సంచిలో నాలుగు సీతాఫలాలు వేసి, తలగుడ్డ చుట్టుకుని మోపు ముందు వంగింది.

“చూస్తావేమప్పా? రోంత చెయ్యెయ్యి. చెడగొట్టింది శానా బరువుంది.”